జనరల్స్, జీరో అవర్ మోడ్లు: నల్లగొండ, పాలమూరు ఆటగాళ్లు తరచుగా అడిగే ప్రశ్నలు

నల్లగొండ, మిర్యాలగూడ, జడ్చర్ల, వనపర్తి... ఎక్కడ నలుగురు కుర్రాళ్లు ల్యాప్‌టాప్‌లు పక్కపక్కన పెట్టుకున్నా ఇవే ప్రశ్నలు వస్తాయి. ఇక్కడ ఆట అంటే కమాండ్ అండ్ కాంకర్: జనరల్స్ అనే కంప్యూటర్ యుద్ధ వ్యూహం ఆట, దాని ఎక్స్‌పాన్షన్ (అదనపు భాగం) జీరో అవర్. అమెరికా, చైనా, జీఎల్‌ఏ (ఉగ్రవాద సేన) అనే పక్షాల్లో ఒకదాన్ని ఎంచుకుని, బేస్ కట్టి సైన్యాన్ని నడపాలి. రెండూ 2003లోనే వచ్చాయి, ఒకటి ఫిబ్రవరిలో, ఇంకొకటి సెప్టెంబర్‌లో. మోడ్లు దాదాపు అన్నీ జీరో అవర్ మీదే నడుస్తాయి కాబట్టి జవాబులు కూడా దాని గురించే. ఫైళ్ల పేర్లు తెలుగు లిపిలో రాశాను. టైప్ చేసేటప్పుడు మాత్రం ఇంగ్లిష్ అక్షరాల్లోనే కొట్టాలి.

మోడ్ అంటే చీట్ కోడ్ లాంటిదేనా అన్నా?

కాదు. చీట్ కొడితే ఆ ఒక్క ఆటలో డబ్బులు పెరుగుతాయి, అంతే. మోడ్ ఆట నియమాలనే మారుస్తుంది. ఈ ఆటలో ట్యాంకు ధర, తుపాకీ దూరం, జీపు వేగం, ఏ బటన్ నొక్కితే ఏది తయారవ్వాలి అన్నవన్నీ ఐఎన్‌ఐ అనే మామూలు టెక్స్ట్ ఫైళ్లలో రాసి ఉంటాయి. అమెరికా క్రూసేడర్ ట్యాంకు 900 డాలర్లు అని ఎక్కడో ఒక లైనులో ఉంది కాబట్టే దాని ధర 900. ఆ లైను మారిస్తే ధర మారుతుంది. అభిమానులు ఇలా వేల లైన్లు మార్చి, కొత్త 3డీ బొమ్మలు, శబ్దాలు, మ్యాపులు చేర్చి ఉచితంగా ఇస్తున్న కట్టనే మోడ్ అంటున్నాం.

ఇరవై ఏళ్లు దాటిన ఆట. ఇంకా దీన్ని పట్టుకుని వేలాడటం ఎందుకు?

ఆడేవాళ్లకు దీని తర్వాతిది దొరకలేదు కాబట్టి. జనరల్స్ 2 అని మొదలుపెట్టిన ఆటను 2013లో ఆట కంపెనీ ఈఏ (ఎలక్ట్రానిక్ ఆర్ట్స్) రద్దు చేసింది, తయారు చేస్తున్న స్టూడియోను కూడా మూసేసింది. ఇదే కమాండ్ అండ్ కాంకర్ వరసలోని టైబీరియం, రెడ్ అలర్ట్ కథలకు కొనసాగింపులు వచ్చాయి గానీ, ఇప్పటి కాలపు ట్యాంకులు, హెలికాప్టర్లు, స్కడ్ మిసైళ్లతో నడిచే ఈ కథ మాత్రం అక్కడే ఆగిపోయింది. ఆ ఖాళీని మోడ్లు నింపాయి. రెండో కారణం మన దగ్గర ఇంకా ముఖ్యం: గ్రాఫిక్స్ కార్డు లేని ఆఫీసు ల్యాప్‌టాప్‌లో కూడా ఇది ఆడుతుంది.

ఆట ఎక్కడ కొనాలి? పాత నెట్ సెంటర్ సీడీ కాపీ ఉంది, సరిపోదా?

2024 మార్చి నుంచి స్టీమ్ అనే ఆన్‌లైన్ గేమ్ దుకాణంలో దొరుకుతోంది. సేల్ వచ్చినప్పుడు సినిమా టికెట్టు, పాప్‌కార్న్ ఖర్చులోపే వస్తుంది. ఆ కాపీనే తీసుకోండి.

పాత సీడీ కాపీని వద్దనడానికి నీతి ఒక్కటే కారణం కాదు. అప్పట్లో చేతులు మారిన కాపీల్లో చాలావాటికి సైజు తగ్గించడం కోసం వీడియోలు, సంగీతం, మాటలు తీసేసేవారు. కొన్నిటికి 1.04 ప్యాచ్ (లోపాలు సరిచేసే అప్‌డేట్) కూడా ఉండదు. మోడ్ మాత్రం పూర్తి ఆట, 1.04 వెర్షన్ ఉన్నాయనుకునే తయారవుతుంది. అది వెతికే ఫైలు లేకపోతే కూలిపోతుంది. పైగా ఒకే సీరియల్ నంబరుతో నలుగురూ ఇన్‌స్టాల్ చేసుకుంటే ల్యాన్‌లో (పక్కపక్క కంప్యూటర్లను కలిపే నెట్‌వర్క్‌లో) రెండోవాణ్ని ఆటలోకే రానివ్వదు. "మావాడు జాయిన్ అవ్వట్లేదు" అనే ఫిర్యాదుల్లో సగం ఇదే.

కొన్నాను, ఇన్‌స్టాల్ చేశాను. ప్లే నొక్కగానే "సీరియస్ ఎర్రర్" అని మూసుకుపోతోంది.

కంగారు పడొద్దు, మీ కంప్యూటర్ బాగానే ఉంది. ఆట మొదటిసారి తెరిచినప్పుడు మీ గ్రాఫిక్స్ చిప్ ఏమిటో చూసి సెట్టింగ్స్ తానే రాసుకోవాలి. 2003 నాటి ఆటకు ఇప్పటి చిప్‌ల పేర్లు తెలియవు. ఏం రాయాలో తెలియక చేతులెత్తేస్తుంది.

పరిష్కారం: డాక్యుమెంట్స్ ఫోల్డర్‌లో కమాండ్ అండ్ కాంకర్ జనరల్స్ జీరో అవర్ డేటా అనే ఫోల్డర్ ఉంటుంది, లేకపోతే ఆ పేరుతో చేయండి. అందులో ఆప్షన్స్ డాట్ ఐఎన్‌ఐ అనే టెక్స్ట్ ఫైలు పెట్టి, రిజల్యూషన్ ఈక్వల్స్ 1366 768 అని మీ స్క్రీన్ కొలత రాయండి. ఇంకో లైనులో హీట్ ఎఫెక్ట్స్ ఈక్వల్స్ నో అని రాయండి. నోట్‌ప్యాడ్ చివర డాట్ టీఎక్స్‌టీ తగిలించకుండా చూసుకోండి. ఫైలు పేరు సరిగానే ఉందనిపిస్తుంది, లోపల మాత్రం రెండు తోకలుంటాయి.

ఇదంతా చేతితో చేయడం ఇష్టం లేకపోతే జెన్‌ప్యాచర్ అనే ఉచిత టూల్ ఉంది. ఇలాంటివన్నీ ఒక్క నొక్కుతో సరిచేస్తుంది. నా సలహా కూడా అదే. అయితే డాక్యుమెంట్స్ ఫోల్డర్ వన్‌డ్రైవ్‌లోకి మళ్లిపోయి ఉంటే ఒక్కోసారి ఆట పాత చోట, మీరు కొత్త చోట వెతుకుతుంటారు. అది ముందు చూసుకోండి.

మోడ్ వేసే ముందు చేయాల్సింది ఏమైనా ఉందా?

ఉంది, మిగతావన్నీ మర్చిపోయినా ఇది గుర్తుంచుకోండి. ఆట సరిగ్గా నడుస్తోందని చూసుకున్నాక, జీరో అవర్ ఫోల్డర్ మొత్తాన్ని కాపీ చేసి పక్కన పెట్టండి. దానికి "ముట్టుకోవద్దు" అని పేరు పెట్టండి. కావాలంటే పెన్‌డ్రైవ్‌లో ఇంకొకటి. ఆ తర్వాత ప్రతి మోడ్‌కూ దాన్నుంచి ఒక కొత్త కాపీ తీయండి: షాక్‌వేవ్‌కు ఒకటి, కాంట్రాకు ఒకటి, మీ సొంత ప్రయోగాలకు ఒకటి.

ఎందుకంటే మోడ్ అనేది తీసేస్తే పూర్తిగా పోయేది కాదు. కొన్ని ఫైళ్లు కొత్తగా చేరుస్తుంది, కొన్ని పాతవాటి పేర్లు మారుస్తుంది, కొన్నిటిని కప్పేస్తుంది. అన్‌ఇన్‌స్టాల్ చేశాక ఒక్క ఫైలు మిగిలిపోయినా, తర్వాత వేసే మోడ్ ఏ కారణం చెప్పకుండా మెనూ దగ్గరే ఆగిపోతుంది. ఆ ఒక్క ఫైలు కోసం రాత్రంతా వెతికే బదులు ఫోల్డర్ డిలీట్ చేసి కొత్త కాపీ తీసుకోవడం రెండు నిమిషాల పని. నెట్ స్పీడ్ సరిగ్గా లేని ఊళ్లో ఆటను మళ్లీ డౌన్‌లోడ్ చేసుకునే బాధ కూడా తప్పుతుంది.

ఇంకో చిన్న విషయం: జీరో అవర్ తన ఫోల్డర్‌తో పాటు అసలు జనరల్స్ ఫైళ్లను కూడా చదువుతుంది. జనరల్స్‌తో పనేముంది అని దాన్ని తీసేయకండి.

మొదట ఏ మోడ్ ఆడాలి?

షాక్‌వేవ్. ఇందులో చర్చ లేదు. జీరో అవర్‌లో ఉన్న తొమ్మిది మంది జనరల్స్ (ఒక్కో రకం యుద్ధానికి పేరుపడ్డ సేనాధిపతులు) మధ్య తేడా చాలాసార్లు పేరుకే ఉంటుంది. షాక్‌వేవ్ ఆ తేడాను నిజం చేస్తుంది. ట్యాంకుల క్వాయ్ నిజంగానే ట్యాంకులవాడిలా, విషాల థ్రాక్స్ నిజంగానే విషాలవాడిలా ఆడతారు. ముగ్గురు కొత్త జనరల్స్ కూడా ఉన్నారు: అమెరికాకు ఐరన్‌సైడ్, చైనాకు లియాంగ్, జీఎల్‌ఏకు డెత్‌స్ట్రైక్. పాత ఆట వచ్చినవాడికి కొత్తగా నేర్చుకోవాల్సింది తక్కువ.

తర్వాత రైజ్ ఆఫ్ ద రెడ్స్. అదే బృందం, ఎస్‌డబ్ల్యూఆర్ ప్రొడక్షన్స్, చేసింది. ఇందులో రష్యా, యూరప్ కూటమి అనే రెండు కొత్త పక్షాలు ఉన్నాయి. రష్యా బరువైన కవచంతో మెల్లగా వచ్చి తొక్కేస్తుంది, యూరప్ గట్టి రక్షణ కట్టుకుని కూర్చుంటుంది. బొమ్మల పనితనం చూస్తే ఇది ఉచితమా అనిపిస్తుంది.

కాంట్రా మూడోది. అన్నీ ఎక్కువే: యూనిట్లు ఎక్కువ, పేలుళ్లు ఎక్కువ, కంప్యూటర్ నడిపే శత్రువు దెబ్బ కూడా ఎక్కువే. చాలామంది దీన్నే మొదట వేసుకుని, పది నిమిషాల్లో బేస్ మొత్తం పోగొట్టుకుని, మోడ్లంటే ఇంతే అని వదిలేస్తారు. ముందు మిగతా రెండూ ఆడి రండి.

నిజ జీవితపు ఆయుధాలకు దగ్గరగా ఉండాలంటే ప్రాజెక్ట్ రాప్టర్, 1980ల నాటో–సోవియట్ వాతావరణం కావాలంటే కోల్డ్ వార్ క్రైసిస్ చూడండి.

రెండు మోడ్లు కలిపి ఆడొచ్చా?

వద్దు. రెండూ అవే ఫైళ్లను తమ తమ పద్ధతిలో మారుస్తాయి. ఒకటి రాసినదాన్ని ఇంకొకటి కప్పేస్తుంది. జెన్‌లాంచర్ లాంటి టూల్ వాడితే ఒకే ఆట మీద ఏ మోడ్ కావాలంటే అది ఎంచుకుని, ఒక్కసారికి ఒక్కటే నడపొచ్చు.

బిగ్ ఫైలు అంటే ఏంటి? కొన్ని పేర్ల ముందు ఆశ్చర్యార్థకం ఎందుకు ఉంటుంది?

డాట్ బిగ్ అనేది జిప్ లాంటి కట్ట. ఐఎన్‌ఐ ఫైళ్లు, బొమ్మలు, శబ్దాలు అన్నీ వీటిలో ఉంటాయి. విప్పి చూడటానికి ఫైనల్‌బిగ్ అనే చిన్న ప్రోగ్రామ్ చాలు. ఆట ఈ కట్టలను అక్షర క్రమంలో తెరుస్తుంది. ఒకే ఫైలు రెండు కట్టల్లో ఉంటే ముందు తెరిచినదాని మాటే చెల్లుతుంది. ఆశ్చర్యార్థకం అక్షరాలన్నిటికంటే ముందు వస్తుంది కాబట్టి మోడ్ చేసేవాళ్లు దాన్ని తగిలిస్తారు. ఏ కట్టలోనూ లేకుండా డేటా ఫోల్డర్‌లో విడిగా పెట్టిన ఫైలుకు మాత్రం వీటన్నిటికంటే పై మాట.

కొన్ని డిజిటల్ కాపీల్లో ఐఎన్‌ఐజెడ్‌హెచ్ డాట్ బిగ్ అనే కట్ట రెండు చోట్ల ఉంటుంది: ఒకటి అసలు ఫోల్డర్‌లో, ఇంకొకటి డేటా లోపలి ఐఎన్‌ఐ ఫోల్డర్‌లో. లోపలిది ఉంటే మోడ్లు కూలిపోతాయి. లోపలిది తీసేయండి, బయటిది ఉంచండి. తారుమారు చేస్తే ఆటే తెరుచుకోదు.

నలుగురం ల్యాన్‌లో ఆడుతుంటే మధ్యలో "మిస్‌మ్యాచ్" అని ఆట ఆగిపోతోంది. నెట్ సమస్యా?

నెట్ సమస్య అయ్యుంటే డిస్‌కనెక్ట్ అని వచ్చేది. మిస్‌మ్యాచ్ వేరే జబ్బు.

ఈ ఆటలో మీ ట్యాంకు ఎక్కడుందో ఎవరూ ఎవరికీ పంపరు. "ఈ ట్యాంకును అక్కడికి వెళ్లమన్నాను" అన్న ఆజ్ఞ ఒక్కటే వెళ్తుంది. ఆ తర్వాత జరిగే యుద్ధాన్ని ప్రతి కంప్యూటరూ తనకు తానే లెక్క కట్టుకుంటుంది. నలుగురి దగ్గరా ఫైళ్లు అచ్చంగా ఒకటే అయితే నాలుగు లెక్కలూ ఒకటే వస్తాయి. ఒకడి దగ్గర రాకెట్ దెబ్బ 40, ఇంకొకడి దగ్గర 45 ఉందనుకోండి. ఒక స్క్రీన్‌లో ట్యాంకు చచ్చిపోతుంది, ఇంకో స్క్రీన్‌లో బతికే ఉంటుంది. అది గమనించిన క్షణమే ఆట ఆగిపోతుంది.

కాబట్టి మోడ్ పేరు ఒకటే అయితే సరిపోదు, వెర్షన్ కూడా ఒకటే కావాలి. తేలికైన దారి: ఒకరి దగ్గర సరిగ్గా నడుస్తున్న మోడ్ ఫోల్డర్‌ను పెన్‌డ్రైవ్‌లో అందరికీ ఇవ్వడం. "నేను వేరేగా డౌన్‌లోడ్ చేసుకున్నాలే" అనేవాడు ప్రతి గుంపులో ఒకడుంటాడు. మిస్‌మ్యాచ్ వాడి దగ్గర్నుంచే వస్తుంది.

రౌటర్ లేదు, మొబైల్ హాట్‌స్పాట్ ఉంది. సరిపోతుందా? డేటా ఎంత అవుతుంది?

సరిపోతుంది. ఒకరి ఫోన్‌లో హాట్‌స్పాట్ ఆన్ చేసి, మొబైల్ డేటా ఆఫ్ చేసినా ల్యాన్ ఆట నడుస్తుంది, ఎందుకంటే ఇంటర్నెట్‌తో దానికి పనిలేదు. ఆట లోపల ఆప్షన్స్‌లో ల్యాన్ ఐపీ అని ఉంటుంది. అక్కడ హాట్‌స్పాట్ ఇచ్చిన ఐపీని ఎంచుకోండి. ఇది చేయకపోతే ఒకరికొకరు కనబడరు. తర్వాత విండోస్ ఫైర్‌వాల్‌లో ఆటకు అనుమతి ఇవ్వండి. సీడీ వెర్షన్ అయితే అసలు నడిచేది గేమ్ డాట్ డ్యాట్ అనే ఫైలు, దానికి కూడా ఇవ్వాలి. గరిష్ఠంగా ఎనిమిది మంది ఆడొచ్చు. మోడ్ వేసుకుని ఎనిమిది మందితో మొదలుపెడితే మాత్రం అర్ధగంట తర్వాత ఆట నత్తనడకే.

ఒకడు హైదరాబాద్‌లో, ఒకడు దేవరకొండలో ఉంటే?

అసలు ఆన్‌లైన్ సర్వర్లు గేమ్‌స్పైవి. అవి 2014లో మూతపడ్డాయి. ఆ తర్వాత అభిమానులు సీ అండ్ సీ ఆన్‌లైన్ పేరుతో సొంత సర్వర్ నడుపుతున్నారు. గేమ్‌రేంజర్ కూడా ఉంది. దోస్తుల మధ్య అయితే రాడ్మిన్ వీపీఎన్ వేసుకుని ల్యాన్ లాగే ఆడటం సులువు. దాని ఐపీని ల్యాన్ ఐపీలో ఎంచుకోవాలి, అంతే. ఆజ్ఞలు మాత్రమే వెళ్తాయి కాబట్టి డేటా చాలా తక్కువ. అయితే ఒక్కడి లైన్ జారినా అందరి ఆటా ఆగి, వాడి కోసం ఎదురుచూస్తుంది.

కరెంటు పోతే?

ఒక్కరే కంప్యూటర్ మీద ఆడుతుంటే అప్పుడప్పుడూ సేవ్ చేయండి. నలుగురి ఆటకు సేవ్ లేదు. ల్యాప్‌టాప్ బ్యాటరీ ఉన్నా రౌటర్ ఆరిపోతే ఆట పోయినట్లే. అందుకే మన దగ్గర హాట్‌స్పాటే మేలు. ఒక మోడ్‌లో సేవ్ చేసిన ఆట ఇంకో మోడ్‌లో తెరుచుకోదు.

యాంటీవైరస్ ఒక ఫైలును వైరస్ అని తీసేసింది. నమ్మొచ్చా?

ఎక్కువగా పట్టుబడేది జెన్‌టూల్. అది వెడల్పు స్క్రీన్, కెమెరా ఎత్తు లాంటివి సరిచేసే మంచి టూల్. ఆటకూ గ్రాఫిక్స్‌కూ మధ్య డీ3డీ8 డాట్ డీఎల్‌ఎల్ అనే ఫైలుగా కూర్చుంటుంది. అలా మధ్యలో కూర్చునే ఏ ఫైలునైనా యాంటీవైరస్ అనుమానిస్తుంది. తయారు చేసినవాళ్ల సొంత పేజీ నుంచో, మోడ్లు పంచుకునే మోడ్ డీబీ సైట్ నుంచో తెచ్చుకున్నదైతే అనుమతి ఇవ్వండి. ఎవరో యూట్యూబ్ వీడియో కింద పెట్టిన లింక్ నుంచి తెచ్చుకున్నదైతే యాంటీవైరస్ మాటే వినండి.

ఐ5 ఉంది, 16 జీబీ ర్యామ్ ఉంది, అయినా ఆట స్లో. ఎందుకు?

ఆట లెక్కంతా ప్రాసెసర్‌లోని ఒక్క కోర్ మీదే పడుతుంది. మిగతా కోర్లు ఖాళీగా చూస్తుంటాయి. ర్యామ్ పెంచినా లాభం లేదు. కంప్యూటర్ సైన్యాల సంఖ్య తగ్గించండి, 3డీ నీడలు ఆపండి, పైన చెప్పిన హీట్ ఎఫెక్ట్స్ ఆపండి. ఏడుగురు కంప్యూటర్ శత్రువులతో కాంట్రా ఆడి స్లో అంటే మాత్రం ఎవరూ ఏమీ చేయలేరు.

నేనే చిన్న మోడ్ చేయాలి. కోడింగ్ రాదు. ఎక్కడ మొదలుపెట్టాలి?

మ్యాప్ డాట్ ఐఎన్‌ఐతో. కస్టమ్ మ్యాపులు డాక్యుమెంట్స్‌లోని జీరో అవర్ డేటా లోపల మ్యాప్స్ అనే ఫోల్డర్‌లో ఉంటాయి, ఒక్కో మ్యాపుకు ఒక్కో ఫోల్డర్. అందులో మ్యాప్ డాట్ ఐఎన్‌ఐ అనే టెక్స్ట్ ఫైలు పెడితే, అందులో రాసిన మార్పులు ఆ ఒక్క మ్యాపుకే వర్తిస్తాయి. అసలు ఆటను ముట్టుకోవాల్సిన పనే లేదు.

మూడు లైన్లు రాయండి. మొదటి లైను: ఆబ్జెక్ట్ అని రాసి, ఖాళీ వదిలి, అమెరికాట్యాంక్‌క్రూసేడర్ అని కలిపి. రెండోది: బిల్డ్‌కాస్ట్ ఈక్వల్స్ 500. మూడోది: ఎండ్. సేవ్ చేసి, ఆ మ్యాపులో మామూలు అమెరికాతో ఆడండి. 900 ట్యాంకు 500కే వస్తుంది. కొత్తవాళ్లకు ఇంత చిన్న మార్పు స్క్రీన్ మీద కనబడగానే వచ్చే ఉత్సాహం వేరు. ఆ ఊపులో ముందుకెళ్లండి.

ఇక్కడే ఒక తికమక వస్తుంది. చైనా బ్యాటిల్‌మాస్టర్ ధర మార్చి, క్వాయ్‌తో ఆడితే ధర మారదు. ఒక్కో జనరల్ యూనిట్లు విడివిడిగా, పేరు ముందు వేరే గుర్తుతో రాసి ఉంటాయి. క్వాయ్ ట్యాంకు వేరే వస్తువు. ఫైనల్‌బిగ్‌లో ఐఎన్‌ఐజెడ్‌హెచ్ తెరిచి, ఆబ్జెక్ట్ ఫోల్డర్‌లో అసలు పేరు చూసుకుని రాయండి.

ధరల తర్వాత వెపన్ ఫైలు, ఆ తర్వాత లోకోమోటర్ ఫైలు చూడండి. మొదటిది దెబ్బ, దూరం. రెండోది వేగం, మలుపు. ఒక్కసారికి ఒక్కటే మార్చి, ఆడి చూసి, తర్వాతిది ముట్టుకోండి. పది మార్పులు ఒకేసారి చేసి కూలిపోతే ఏది కూల్చిందో తెలియదు.

నాగార్జునసాగర్ మ్యాపు చేయొచ్చా?

చేయొచ్చు, చేయాలి కూడా. వరల్డ్‌బిల్డర్ అనే మ్యాపులు చేసే ప్రోగ్రామ్ ఆటతోనే వస్తుంది. చైనా క్యాంపెయిన్‌లో త్రీ గోర్జెస్ డ్యామ్‌ను కూల్చి వరద వదిలే మిషన్ ఉంది, అంటే డ్యామ్ బొమ్మ కోసం బయట వెతకక్కర్లేదు. సాగర్‌కు ఉన్న 26 గేట్లు అందులో లెక్కపెట్టకండి, దూరం నుంచి డ్యామ్‌లా కనబడితే చాలు.

అసలు పని నేల మీద. కృష్ణ ఇక్కడ పడమర నుంచి తూర్పుకు పారుతుంది. ఎడమ గట్టు నల్లగొండ వైపు, కుడి గట్టు పల్నాడు వైపు. ఇద్దరు ఆటగాళ్లను చెరో గట్టు మీద పెట్టండి. మధ్యలో డ్యామ్ మీద నుంచి ట్యాంకులు పోనివ్వకుండా, దిగువన ఒక వంతెన ఇవ్వండి. ఆటలో వంతెనలను కూల్చొచ్చు, డోజర్‌తో బాగు చేయొచ్చు. కాబట్టి యుద్ధం మొత్తం ఆ వంతెన చుట్టూనే తిరుగుతుంది. ఒక్క వంతెనే ఉంటే ఆట ఇరుక్కుపోతుంది, అందుకని ఇంకా కింద నీళ్లు పలచగా ఉండే రేవు ఒకటి పెట్టండి. లోతు తక్కువ నీళ్లలో వాహనాలు దాటుతాయి. ఎడమ కాలువ, కుడి కాలువలను అడ్డంకులుగా వాడుకుంటే బేస్‌లకు సహజమైన రక్షణ వస్తుంది.

డ్యామ్ వెనక నాగార్జునకొండ దీవి మీద ఒక ఆయిల్ డెరిక్ (చమురు బావి) పెట్టాలని అందరికీ అనిపిస్తుంది. పట్టుకుంటే వెంటనే 1000 డాలర్లు, తర్వాత నిలకడగా ఆదాయం. కానీ అక్కడికి వెళ్లేది ఎలా? అమెరికాకు చినూక్ హెలికాప్టర్ ఉంది. చైనాకు జీరో అవర్‌లో హీలిక్స్ హెలికాప్టర్ ఉంది. జీఎల్‌ఏకు విమానాలే లేవు. ర్యాంకు పెరిగాక దొరికే రెబెల్ ఆంబుష్, స్నీక్ అటాక్ సొరంగం లాంటివే దారి, అవి ఆలస్యంగా వస్తాయి. అంటే ఆ డెరిక్ జీఎల్‌ఏ ఆటగాడికి అన్యాయం. దీవిని అందం కోసం వదిలేయండి, లేదా జీఎల్‌ఏకు ఒడ్డు మీద ఇంకో డెరిక్ దగ్గరగా ఇవ్వండి. మ్యాపు చేయడంలో కష్టమైన భాగం కొండలు గీయడం కాదు, ఇలాంటి లెక్కలే.

చివరగా, కంప్యూటర్ ఆటగాడికి దారి చూపాలి. ప్లేయర్ 1 స్టార్ట్ లాంటి గుర్తులతో పాటు సెంటర్, ఫ్లాంక్, బ్యాక్‌డోర్ అనే పేర్లతో ఒక్కో బేస్‌కూ దారులు గీయాలి. చుట్టూ లోపలి హద్దు, బయటి హద్దు గీయాలి. ఇవి లేకపోతే కంప్యూటర్ సైన్యం తన బేస్‌లోనే కూర్చుంటుంది. సాగర్ అయ్యాక భువనగిరి ఏకశిల మీద ఒక్కడు రక్షణ కట్టుకుని కింద నుంచి ముగ్గురు దాడి చేసే మ్యాపు చేయండి, దానికి ఆ కొండ పుట్టుకతోనే తయారుగా ఉంది.

భారత సైన్యంతో ఆడే మోడ్ ఉందా?

పైన చెప్పిన పెద్ద మోడ్లలో భారత్ పక్షం లేదు. మీరే చేయాలనుకుంటే సరుకు మాత్రం పుష్కలం: అర్జున్, టీ-90 భీష్మ ట్యాంకులు, పినాక రాకెట్లు, బ్రహ్మోస్, తేజస్, ధ్రువ్ హెలికాప్టర్. బీఎంపీ-2 సారథ్ అయితే మన ఎద్దుమైలారం ఫ్యాక్టరీ నుంచే వస్తుంది.

కానీ పూర్తి పక్షం అంటే భవనాలు, యూనిట్లు, బటన్లు, అప్‌గ్రేడ్లు, కంప్యూటర్ ఆటగాడి స్క్రిప్టులు, గొంతులు. ఒక్కడి వల్ల కాదు, ఏళ్లు పడుతుంది. మొదట చైనా టీమ్‌లో ఒక్క ట్యాంకును అర్జున్‌గా మార్చండి. 3డీ బొమ్మ డబ్ల్యూ3డీ ఫార్మాట్‌లో ఉండాలి. బ్లెండర్‌కు దాని ప్లగిన్ ఉచితంగా దొరుకుతుంది.

ఆటలో తెలుగు అక్షరాలు రప్పించొచ్చా?

సరిగ్గా రావు. మాటలన్నీ జనరల్స్ డాట్ సీఎస్‌ఎఫ్ అనే ఫైలులో ఉంటాయి, అందులో తెలుగు రాసి పెట్టొచ్చు కూడా. కానీ ఆట ఒక్కో అక్షరాన్ని విడివిడిగా గీసి పక్కపక్కన పేరుస్తుంది. ఇంగ్లిష్‌కు అది చాలు. మనకు గుణింతాలు, ఒత్తులు కలిసి కుదురుకోవాలి కదా, అవి విడిపోయి చదవలేనట్టు కనబడతాయి.

గొంతులు మాత్రం హాయిగా మార్చొచ్చు, నాకైతే అదే ఎక్కువ సరదా. ఫైనల్‌బిగ్‌లో ఆడియో ఇంగ్లిష్ కట్ట తెరిచి, కావాల్సిన శబ్దం ఫైలు పేరు చూసుకోండి. ఫోన్‌లో మీ గొంతు రికార్డు చేసి, పాత ఫైలు ఏ ఫార్మాట్‌లో ఉందో అదే ఫార్మాట్‌లోకి మార్చి, అదే పేరుతో, డేటా లోపల అదే ఫోల్డర్ దారిలో పెట్టండి. జీఎల్‌ఏ కూలీతో మొదలుపెట్టండి. ఆటలో వాడు చెప్పుల కోసం బతిమాలుతుంటాడు, వాడికి చెప్పులిచ్చే అప్‌గ్రేడ్ కూడా జీరో అవర్‌లో ఉంది. "జర చెప్పులిప్పియ్యరాదు సారూ" అని పాలమూరు గొంతులో వినబడితే ఆట అర్థమే మారిపోతుంది. వలస కూలీల జిల్లాగా పేరుపడ్డ చోట ఆ మాట నవ్వించి, కొంచెం గుచ్చుతుంది కూడా. అమెరికా పైలట్‌కు మాత్రం తెలంగాణ యాస పెట్టకుండా ఇంగ్లిష్‌లోనే ఉంచండి, ఆ తేడా బాగుంటుంది. శబ్దాలు యుద్ధం లెక్కలోకి రావు కాబట్టి మామూలుగా వీటివల్ల మిస్‌మ్యాచ్ రాదు.

సోర్స్ కోడ్ బయటకు ఇచ్చారట. అంటే ఆట ఫ్రీ అయిపోయిందా?

ఫ్రీ కాలేదు. 2025 ఫిబ్రవరిలో ఈఏ జనరల్స్, జీరో అవర్ కోడ్‌ను జీపీఎల్ (ఎవరైనా చూసి, మార్చి, పంచుకోవచ్చనే) లైసెన్స్ కింద ఇచ్చింది. బొమ్మలు, శబ్దాలు, వీడియోలు అందులో లేవు. అవి కావాలంటే ఆట కొనాల్సిందే. అదే సమయంలో ఆటగాళ్లు చేసినవి స్టీమ్‌లోనే పంచుకునే స్టీమ్ వర్క్‌షాప్ సదుపాయం కూడా వచ్చింది. ఇన్నాళ్లూ మోడ్ చేసేవాళ్లు ఇంజిన్ లోపాల చుట్టూ తిరిగి దారి వెతుక్కునేవారు, ఇప్పుడు ఆ లోపాన్నే సరిచేయొచ్చు. సూపర్‌హ్యాకర్స్ అనే బృందం ఆ పని చేస్తోంది. సీ ప్లస్ ప్లస్ నేర్చుకుంటున్న ఇంజినీరింగ్ పిల్లలకు ఇంతకంటే మంచి పాత కోడ్ దొరకడం కష్టం. ప్రాజెక్ట్ టాపిక్ లేదని కూర్చునేకంటే దీన్ని తెరవండి.

పెన్‌డ్రైవ్‌లో మోడ్లు వేసిచ్చి డబ్బులు తీసుకోవచ్చా?

వద్దు. ఉచితంగా ఇవ్వడమే షరతుగా మోడ్లు బతుకుతున్నాయి. మీ మ్యాపులో వేరేవాళ్ల ట్యాంకు బొమ్మ వాడితే ముందు అడగండి, వాళ్ల పేరు రాయండి. సాధారణంగా ఒప్పుకుంటారు.

మావాడు ఎనిమిదో తరగతి. ఆడనివ్వొచ్చా?

ఇందులో జీఎల్‌ఏ అంటే ఉగ్రవాద సేన. ఆత్మాహుతి దాడులు, విష రసాయనాలు ఉంటాయి. జర్మనీలో మొదట దీన్ని పిల్లలకు అమ్మకుండా ఆంక్షలు పెట్టారు. తర్వాత మనుషుల చోట రోబోలను పెట్టి, పేరు మార్చి అమ్మారు. నా అభిప్రాయం: ఎనిమిదికి తొందర. మ్యాపులు చేయడం మాత్రం ఏ వయసులోనైనా నేర్పొచ్చు, వరల్డ్‌బిల్డర్‌లో ఎవరూ చావరు.

జనరల్స్ లాంటివి ఇంకేమైనా?

యాక్ట్ ఆఫ్ వార్, వరల్డ్ ఇన్ కాన్‌ఫ్లిక్ట్ ఆడి చూడండి. మొదటిది 2005, రెండోది 2007. రెండిటికీ మోడ్లు తక్కువ. జనరల్స్‌నే కొత్త ఇంజిన్‌లో చూడాలంటే రెడ్ అలర్ట్ 3 మీద చేసిన జనరల్స్ ఎవల్యూషన్ అనే మోడ్ ఉంది. దానికి రెడ్ అలర్ట్ 3 కొనుక్కోవాలి, కొంచెం మంచి గ్రాఫిక్స్ కూడా కావాలి.

ఫోన్‌లో?

విండోస్ ప్రోగ్రామ్‌లను ఫోన్‌లో నడిపే యాప్‌లు ఉన్నాయి గానీ, మౌస్ లేకుండా ఈ ఆట ఆడటం నరకం. మోడ్ల సంగతి చెప్పక్కర్లేదు. ల్యాప్‌టాప్ ఉన్న దోస్తును పట్టుకోండి.